ఆకుపచ్చ గిన్నెలు

"నా ఎలుకలు అబద్ధం చెబుతున్నాయి ఉమా. ఒకసారి వస్తావా?"

డాక్టర్ హైమావతి ఫోనులో అన్నది ఈ రెండు ముక్కలే. మరొకరైతే డిటెక్టివ్ ఉమామహేశ్వర్ నవ్వి ఫోను పెట్టేసేవాడు. దొంగలు అబద్ధం చెబుతారు, సాక్షులు చెబుతారు, అవసరమైతే పోలీసులూ చెబుతారు. ఇన్నేళ్లలో ఎలుక మీద ఫిర్యాదు మాత్రం అతని చెవిన పడలేదు. అయినా పిలిచిన మనిషిని బట్టి కదా పరుగు! హబ్సిగూడలో కిరాణా కొట్టు మీది తన ఆఫీసు గదికి తాళం పెట్టి, స్కూటరు తీసి, తొమ్మిదింపావుకల్లా నాచారంలోని పప్పుధాన్యాల పరిశోధనాలయం గేటు ముందు దిగాడు.

అది 1967 మార్చి, గురువారం. సరిగ్గా పదేళ్ల కింద ఇదే గేటులోంచి అతను సైకిలు మీద వచ్చేవాడు. పేరుకు లేబొరేటరీ అటెండరు, చేసేది సీసాలు కడగడం. పోలీసు ఉద్యోగం వచ్చి వెళ్లిపోయిన రోజున ఏడ్చాడన్న సంగతి ఇప్పటికీ ఎవరికీ చెప్పలేదు.

హైమావతమ్మ వరండాలోనే నిలబడి ఉంది. యాభై రెండేళ్ల మనిషి. జుట్టు సగం నెరిసింది, కళ్లజోడుకు మాత్రం అదే నల్లదారం. బాగున్నావా అని అడిగే ధ్యాసలో కూడా లేదు.

"టైమెంత?" అంది.

"తొమ్మిదీ పదిహేడు."

"పన్నెండింటికి డైరెక్టరు గదిలో మీటింగు. ఆ తర్వాత నేనిక్కడ ఉండను. నా రిజిస్టర్లన్నిటికీ సీలు వేస్తారు."

ఆమె గదిలో బీరువా నిండా నీలం అట్టల రిజిస్టర్లు వరసగా ఉన్నాయి. ఆవిడ పన్నెండేళ్ల జీవితం అదే. మూడో రిజిస్టరు వీపు మీద అతికించిన చీటీని ఉమామహేశ్వర్ వేలితో తడిమాడు. వంకర టింకర అక్షరాలు. తన చేతి రాతే! ఆ చీటీ అతికించిన రోజు జిగురు ఎక్కువైందని ఆవిడ తిట్టిన తిట్లు కూడా గుర్తొచ్చాయి. ఆ తిట్లు మళ్లీ పడితే బావుండునని అనిపించింది.

"సూటిగా చెప్పండమ్మా. ఏమయింది?"

"ఉలవల్లో మాంసకృత్తులు దండిగా ఉంటాయి. కాని పచ్చిపిండి తింటే వంటికి పట్టదు. కడుపులో ఊరే జీర్ణరసాన్ని పని చెయ్యనివ్వని పదార్థమొకటి అందులో ఉంది. బాగా వేయిస్తే అది చస్తుంది, తిన్నది అరుగుతుంది. నేను పన్నెండేళ్లుగా చెబుతున్నది ఈ ఒక్క మాటే." ఆవిడ రిజిస్టరు అతని ముందుకు తోసింది. "ఈ మాట మీదే బాలవాడీలకు పిండి పంపుతున్నాం. పొయ్యి అక్కర్లేదు, బెల్లం నీళ్లలో కలిపి పెడితే చాలు. ఢిల్లీ వాళ్లు ఆఖరి రుజువు అడిగారు. ఎనిమిది ఎలుకలకు పచ్చిపిండి, ఎనిమిదింటికి వేయించిన పిండి, ఇరవై ఎనిమిది రోజులు. ఇవాళ్టికి ఇరవై ఆరు."

ఉమామహేశ్వర్ అంకెల మీద వేలు పెట్టి చదివాడు. పచ్చిపిండి ఎలుకలు మొదటి రెండు వారాలూ చిక్కిపోతూ వచ్చాయి. పద్నాలుగో రోజు పొద్దున అయిదో నంబరు ఎలుక చచ్చిపోయింది. పదహారో రోజు నుంచి మిగిలిన ఏడూ బరువు పెరగడం మొదలుపెట్టాయి. ఇరవై ఒకటో రోజుకు పుంజుకున్నాయి. ఇవాళ చూస్తే, వేయించిన పిండి తిన్నవాటితో పోటీకి వస్తున్నాయి.

"అచ్యుతరావు గారేమంటున్నారు?"

"నేనిన్నాళ్లూ రాసినవన్నీ కాకిలెక్కలంటున్నాడు. ఈసారి తూకాలు నా చేతిలో లేవు కాబట్టి నిజం బయటపడిందట." ఆవిడ రిజిస్టరు మూసేసింది. "అది కాదు ఉమా నా భయం. నా మాట అబద్ధమని తేలితే రేపు పిల్లలకు పచ్చిపిండే పెడతారు. ముందే బక్క ప్రాణాలు."

డిప్యూటీ డైరెక్టరు అచ్యుతరావూ ఆవిడా ఒకే ఏడు ఇక్కడ చేరారు. ఆనాటి నుంచీ ఉప్పూ నిప్పూ. ఉమామహేశ్వర్ సీసాలు కడిగే రోజుల్లోనే వాళ్లిద్దరి వాదనలు ఈ కిటికీలోంచి గేటు దాకా వినబడేవి.

"తూకాలు ఎవరు చూస్తున్నరు?"

"విశ్వనాథం. అచ్యుతరావు వేసిన మనిషే, కాని నిప్పులాంటివాడు."

నిప్పులాంటి విశ్వనాథాన్ని ఉమామహేశ్వర్ తొమ్మిదిన్నరకు పట్టుకున్నాడు. ముప్పై ఏళ్ల మనిషి, చేతిలో రుమాలు, ముక్కు ఎర్రగా ఉంది. తవుడు దుమ్ముకు ఏడాది పొడుగునా పడిశమేనట.

"పొద్దున తూకం ఎన్ని గంటలకు?"

"ఎనిమిదికి సార్. తిండి పెట్టకముందు."

"తరాజు సరిగ్గ ఉన్నదా?"

"దినాం తూకం గుండ్లు పెట్టి చూస్త. మీరు గూడ చూడున్రి."

చూశాడు. తరాజులో వెంట్రుకవాసి కూడా తేడా లేదు.

"ఎలుకలు మారినయేమో?"

"చెవికి కత్తిరింపు గుర్తులుంటయి సార్. నేనే కత్తిరించిన. గవే ఎలుకలు."

"పిండి డబ్బా?"

"బీరువాల తాళమేసి ఉంటది. తాళం చెయ్యి నా జంధ్యానికి కట్టుకుంట."

హైమావతమ్మ కలగజేసుకుంది. "నిన్న ఆ డబ్బాలో పిండి తీసి నేనే పరీక్ష చేశాను. అచ్చమైన పచ్చిపిండి."

మాంచి చిక్కే వచ్చి పడింది. డబ్బాలో పచ్చిపిండి, తరాజు నిజాయితీది, ఎలుకలు పాతవే. అయినా అవి బలుస్తున్నాయి! ఉమామహేశ్వర్ సిగరెట్టు తీయబోయి, ఆవిడ ముందు ఎప్పుడూ కాల్చలేదని గుర్తొచ్చి మళ్లీ జేబులో పెట్టుకున్నాడు. ఒకప్పుడు పోలీసు యూనిఫారం వేసుకున్నవాడికి కూడా కొన్ని భయాలు అలాగే ఉండిపోతాయి.

"విశ్వనాథం గారూ, డబ్బాలకెల్లి ఎలుక నోట్లకు పోయేదాక పిండి ఎవరెవరి చేతులల్ల పడ్తది? గడియారం చూసి చెప్పున్రి."

"సాయంత్రం నాలుగింటికి నేను గిన్నెలల్ల తూచి పెడ్త. గిన్నె మీద బోను నంబరు ఉంటది. అయిదింటికి బోన్లు సాఫ్ చేసినంక శాంతాబాయి లోపల పెడ్తది. అయిదున్నరకు తాళం. పొద్దుగాల మిగిలింది తూచి రాస్త."

"మిగులుతదా?"

విశ్వనాథం తుమ్మి, రుమాలుతో ముక్కు తుడుచుకున్నాడు. "మొదట సగం మిగిలేది సార్. పదిహేను దినాలైనంక ఒక్క పలుకు మిగుల్తలేదు. గిన్నెలు నాకి పెడ్తున్నయ్."

ఉమామహేశ్వర్ తన డైరీలో ఒకే ఒక మాట రాసుకున్నాడు. నాలుగు నుంచి అయిదు.

ఎలుకల గది ఆవరణ చివర, వేపచెట్ల అవతల. తలుపు తీయగానే తవుడు, రంపపు పొట్టు, ఫినాయిలు కలిసిన వాసన కొట్టింది. లోకంలో ఎవరికీ నచ్చని వాసన. అతనికి మాత్రం ఇరవై రెండేళ్ల వయసు ఒక్కసారిగా తిరిగొచ్చినట్టయింది. వరసగా ఇనుప జాలీ బోన్లు, ఒక్కోదానిలో ఒక్కో తెల్ల ఎలుక, ఎర్ర కళ్లు.

ఆ మూల బోనులో ఉండేది అప్పటి పన్నెండో నంబరు. మరీ చిక్కిపోయిందని చూడలేక ఒక సాయంత్రం చాయ్‌లోకి తెచ్చుకున్న బన్ను ముక్క తుంచి పెట్టాడు. మర్నాడు హైమావతమ్మ గదిలోకి పిలిచింది. "పన్నెండో నంబరు మలంలో నేను పెట్టని తిండి తాలూకు పదార్థం ఉంది. ఎవరు పెట్టారు?" ఉద్యోగం ఊడిందనుకున్నాడు. ఆవిడ కలం అతని చేతికిచ్చింది. "జాలి వేసిందా? తప్పు లేదు. రాయకపోవడమే తప్పు. తేదీ వేసి రాయి." ఆ వాక్యం మూడో రిజిస్టరులో ఇప్పటికీ ఉండాలి. ఆ రోజు నేర్చుకున్న పాఠంతోనే తరవాత అతను పదేళ్లు నేరస్థుల్ని పట్టుకున్నాడు.

కడిగిన గిన్నెలు చెక్క అరలో బోర్లించి ఉన్నాయి. అల్యూమినియం చిన్న గిన్నెలు. పచ్చిపిండి వాటికి అడుగున ఆకుపచ్చ రంగు పట్టీ, వేయించిన పిండి వాటికి ఎర్ర పట్టీ. ఉమామహేశ్వర్ ఎర్ర గిన్నె ఒకటి ఎత్తి చూశాడు. రంగు నున్నగా, కొత్తగా ఉంది. ఆకుపచ్చ గిన్నె ఎత్తాడు. రంగు పొక్కులు పొక్కులుగా లేచిపోయింది. అడుగు ఎంత తోమినా పోని నలుపు.

ఒకటి తర్వాత ఒకటి ఏడు గిన్నెలు తిరగేశాడు. ఏడింటికీ పొక్కులే! అరలో ఎనిమిదోది ఒక్కటే, అయిదో నంబరుది, పచ్చగా మెరుస్తోంది. దాని ఎలుక పద్నాలుగో రోజునే చచ్చిపోయింది కదా.

"ఎవరయ్యా నువ్వు? ఎవర్నడిగి వచ్చావిక్కడికి?"

గుమ్మంలో అచ్యుతరావు. గడియారం పదీ యాభై. సన్నగా, పొడుగ్గా, మెడదాకా గుండీలు పెట్టిన కోటుతో, పదేళ్లలో వెంట్రుక కూడా మారలేదు.

"డిటెక్టివ్ ఉమామహేశ్వర్. డాక్టరమ్మ పిలిస్తే వచ్చిన సార్."

"ఓహో! అంకెలతో గెలవలేక ఇప్పుడు అపరాధ పరిశోధకుణ్ణి తెప్పించిందా? ఎలుకల వేలిముద్రలు తీస్తావా ఏమిటి?"

"ముద్రలు అక్కర్లేకుండనే దొరికింది సార్."

"ఆగు. నిన్నెక్కడో చూశాను. సీసాలు కడిగేవాడివి కాదూ?"

"అవును సార్. మీయి కూడ కడిగిన. మీ సీసాలకే మసి ఎక్కువ ఉండేది."

అచ్యుతరావు ముఖం కందగడ్డయింది. "మర్యాదగా బయటికి నడు. ఆవిడకు చెప్పు, నాకు ఆవిడ మీద కక్ష లేదు. నేను అంకెల్ని నమ్ముతాను. పచ్చిపిండి తిని ఎలుకలు పెరిగాయి. ఇంకా వేయించడం దేనికి? బొగ్గు దండగ, మనుషులు దండగ. నిజాన్ని ఒప్పుకోవడానికి ఆవిడకు అహం అడ్డొస్తోంది, అంతే."

"అంకెలు నిజమే సార్. ఒక్క అంకె గూడ తప్పు లేదు."

"మరి?"

"అవి పచ్చిపిండి తినలేదు. అది రుజువు చేస్త. నాతోని పది నిమిషాలు రండి. తప్పయితే నన్ను గేటు బయటికి మీరే నెట్టున్రి."

నెట్టే అవకాశం వదులుకోవడం ఇష్టం లేకేమో, అచ్యుతరావు వెంట నడిచాడు.

పక్కనే కడుగుడు గది. సీసాలు మరగబెట్టే పెద్ద గుండిగ కింద బొగ్గుల కుంపటి ఎర్రగా మండుతోంది. దాని ముందు పీట మీద కూర్చుని శాంతాబాయి సీసాలు తోముతోంది. యాభై దాటిన మనిషి, చేతికి పచ్చబొట్టు. తలెత్తి చూసి కొంగు సవరించుకుంది. ఆ తర్వాత ముఖమంతా విప్పారింది.

"ఓరి, ఉమామహేశ్వర్‌వి గాదా బిడ్డా? ఎంత పెద్దోడివైనవ్! పెండ్లైందా?"

"అయింది శాంతక్కా. ఇద్దరు పిల్లలు. నీ బిడ్డ ఎట్లున్నది?"

"మంచిగున్నది. దానికీ ఒక ఆడపిల్ల. రాజ్యం అని పేరు వెట్టుకున్నం. రెండేండ్లు దాటింది, ఈడనే బాలవాడికి పోతది." ఆ పేరు చెప్పేటప్పుడు ఆమె నోరంతా తీపైపోయింది.

ఇలాంటి మనిషిని ప్రశ్నించడం ఉమామహేశ్వర్‌కు బొత్తిగా ఇష్టం లేదు. కాని గడియారం పదకొండూ అయిదు. అతను పీట లాక్కుని ఆమె ఎదురుగా కూర్చుని, ఆకుపచ్చ గిన్నె ఆమె ముందు తిరగేసి పెట్టాడు.

"శాంతక్కా, దీని రంగు ఎట్ల పోయింది?"

ఆమె చెయ్యి సీసా మీదే ఆగిపోయింది.

"తోమితే పోయిందేమో బిడ్డా."

"తోమితే గీతలు పడ్తయి. నిప్పు మీద పెడితేనే పొక్కులొస్తయి. ఎర్ర గిన్నెలు గూడ నువ్వే తోముతున్నవు, వాటికి రాలేదు. అయిదో నంబరు గిన్నెకు రాలేదు. అయిదో నంబరు సచ్చిపోయిన సాయంత్రం నుంచి నువ్వు ఈ ఏడు గిన్నెలు కుంపటి మీద పెడ్తున్నవ్. నాలుగింటికి, అయిదింటికి నడుమ. అవునా, కాదా?"

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అచ్యుతరావు ఏదో అనబోతే ఉమామహేశ్వర్ చెయ్యెత్తి ఆపాడు.

"నేను గూడ పన్నెండో నంబరుకు బన్ను పెట్టిన శాంతక్కా," అన్నాడు మెల్లగా. "నన్నెవ్వలు ఉరి తీయలే."

అంతే. ఆమె బావురుమంది.

"ఏంజేయాలె బిడ్డా! అయిదో నంబర్‌ది నా చేతులనే సచ్చింది. ఎముకల గూడు. మిగిలినయి గూడ గట్లనే సూస్తున్నయ్. గిన్నె నిండ తిండి ఉండంగ ఆకలికి సచ్చుడేంది? నాకు మనసు పట్టలే. ఏ పిండి గూడ నేను దొంగతనంగ మార్వలే, ఇంటికెల్లి ఏం దేలే. గా గిన్నెలే నిప్పుల మీద పెట్టి, జర నీళ్లు చిలకరిచ్చుకుంట ఏయించిన. గంతే."

"వేయిస్తే బతుకుతాయని నీకెవరు చెప్పారు?" అచ్యుతరావు అడ్డుపడ్డాడు. ఆ గొంతులో ఇప్పుడు వెటకారం లేదు.

"ఎవ్వలు జెప్పాలె? నేనే సూసిన." శాంతాబాయి చూపు గుమ్మం వైపు తిరిగింది. అక్కడ హైమావతమ్మ నిలబడి ఉంది. ఎప్పుడొచ్చిందో ఎవరూ గమనించలేదు. "దవాఖానల నా బిడ్డ కాళ్లు, మొకం వాసి పండుకున్నప్పుడు, డాక్టరమ్మనే కుంపటి ముందల కూసొని పిండి ఏయించింది. నలబై దినాలు. నేను పక్కకు కూసొని సూసిన. నా బిడ్డ లేసి కూసున్నది. మీరు జేసినట్టే జేసిన డాక్టరమ్మా. తప్పైతే కొట్టున్రి. నౌకరి మాత్రం తీయకున్రి."

హైమావతమ్మ వచ్చి ఆమె పక్కనే తడి నేల మీద చతికిలబడింది. కళ్లజోడు తీసి తుడుచుకుంది, మళ్లీ పెట్టుకుంది. కళ్లలో నీళ్లు నిలవడం లేదు.

1957లో దవాఖానాలో పదేళ్ల ఆ పిల్ల ఆవిడ చేతిలో బతికిన మొదటి పిల్ల. అంతకుముందు ఆరుగురు చనిపోయారు. ఆ ఆరుగురి పేర్లూ మొదటి రిజిస్టరు మొదటి పేజీలో ఉన్నాయని, ప్రతి ప్రయోగం మొదలుపెట్టే ముందు ఆవిడ ఆ పేజీ తీసి చదువుకుంటుందని ఉమామహేశ్వర్‌కు తెలుసు. ఒకసారి దుమ్ము దులుపుతూ చూశాడు.

"నువ్వు చేసింది తప్పే శాంతా," అంది హైమావతమ్మ. "వేయించినందుకు కాదు, నాకు చెప్పనందుకు. ఒక్క మాట చెబితే నేను రాసుకునేదాన్ని కదే!"

"రాస్తే ఆపుతరని జెప్పలే."

ఉమామహేశ్వర్ లేచి అచ్యుతరావు వైపు తిరిగాడు. "సార్, మీరు అంకెల్నే నమ్ముతరు కదా. పద్నాలుగు దినాలు పచ్చిపిండి తిని చిక్కిపోయినయ్. గదే పిండి వేయించి పెడితే ఎలుకలు లేచినయ్. చదువు రాని ఆమె కుంపటి మీద రుజువు చేసిన దాని గురించి మీరిద్దరు పన్నెండేండ్ల నుంచి వాదించుకుంటున్నరు."

దెబ్బకు దెబ్బ వస్తుందనుకున్నాడు. రాలేదు. అచ్యుతరావు గోడకు చేరగిలబడ్డాడు. ఇందాకటి మనిషేనా అనిపించేలా ముఖం పాలిపోయింది. కోటు పై గుండీ తీసుకున్నాడు.

"హైమావతీ," అన్నాడు. ఆవిణ్ణి పేరు పెట్టి పిలవడం ఉమామహేశ్వర్ ఎన్నడూ వినలేదు. "మూడో వారం అంకెలు శనివారం నా బల్ల మీదికొచ్చాయి. అవి చూసి నేను… మీటింగు దాకా ఆగడం దేనికని…"

"ఏం చేశావు?"

"ఇండస్ట్రియల్ ఎస్టేటులో మన పిండి మిల్లుకు శనివారమే ఫోను చేశాను. వేయించడం ఆపెయ్యమన్నాను. సోమవారం నుంచి బస్తాల్లో పోతున్నది పచ్చిపిండే."

ఆవిడ నేల మీంచి ఒక్క ఉదుటున లేచింది. యాభై రెండేళ్ల మనిషి అలా లేవగలదని ఎవరూ అనుకోరు.

"ఎక్కడికి?"

"ముందు దగ్గరివాటికి. ఉప్పల్, నాచారం బాలవాడీలకు."

"ఉమా, టైమెంత?"

"పదకొండూ నలబై."

"పన్నెండింటికి పిల్లలకు గిన్నెలు పెడతారు. నీ బండి తియ్, నాచారం బాలవాడీకి వెళ్దాం. అచ్యుతరావు గారూ, మీరు ముందు మిల్లుకు ఫోను చెయ్యండి, ఆ తర్వాత జీపులో ఉప్పల్ వెళ్లండి. డైరెక్టరు గారితో చెప్పండి, నా రిజిస్టర్లకు తీరిగ్గా సీలు వేసుకోమని."

అచ్యుతరావు ఫోనున్న గది వైపు పరుగు తీశాడు. పరుగెత్తే అచ్యుతరావును చూస్తానని ఉమామహేశ్వర్ కలలో కూడా అనుకోలేదు. స్కూటరు తాళం చెవి కోసం జేబు తడుముకుంటుంటే వెనక నుంచి ఎవరో చొక్కా పట్టుకుని ఆపారు.

శాంతాబాయి. ఆమె చేతుల నుంచి ఇంకా సబ్బు నీళ్లు కారుతున్నాయి.

"బిడ్డా, రాజ్యానికి సోమారం సంది కడుపు పోతున్నది. దిష్టి తాకిందనుకొని ఉప్పు తిప్పి పోసిన."

హైమావతమ్మ వెనక్కి తిరిగింది. "ఇవాళ కూడా బాలవాడీకి పంపించావా?"

"పంపిన డాక్టరమ్మా. మీ పిండి తింటె బలమొస్తదని…" ఆమె అతని చొక్కా వదల్లేదు. "నేనే టీచరమ్మకు జెప్పిన. అందరికీ ఒక గిన్నె పెడితె, మా పిల్లకు రెండు గిన్నెలు పెట్టుమని."